పోలమ్మ నౌకరీకి సాక్ష్యం

టెక్కలి కోర్టులో ముప్ఫై రెండేళ్ళు ప్లీడరుగా పనిచేసి, ఇప్పుడు కాశీబుగ్గలో మా ఇంటి వరండాలో కూర్చుని పేపరు చదువుకుంటున్నాను. ఈమధ్య ఇద్దరు కుర్ర లాయర్లు వచ్చి, "సార్, రిటైరైన ఉద్యోగుల కేసులు మీరు చాలా చేశారట. మేమూ చేద్దామనుకుంటున్నాం. ఏ పుస్తకాలు చదవమంటారు?" అని అడిగారు. నాలుగు పేర్లు చెప్పి, కాఫీ ఇచ్చి పంపేశాను. వాళ్ళు గేటు దాటాక నా మీద నాకే కోపం వచ్చింది. పుస్తకాల పేర్లు చెప్పడానికి నేనెందుకు? ఆ పని పుస్తకాల షాపువాడు నాకంటే బాగా చేస్తాడు. అందుకని కాగితం, కలం తీసుకున్నాను.

గెలిచిన కేసుల పట్టిక ఇందులో ఉండదు. బార్ అసోసియేషన్ వాళ్ళు కప్పిన శాలువాల సంగతీ ఉండదు. వాటిని మా ఆవిడ చలికాలంలో కప్పుకుంటోంది, మంచి పనే చేస్తోంది. ఈ పని నిజంగా ఎలా ఉంటుందో, నేను ఎక్కడెక్కడ తెలివితక్కువ పనులు చేశానో, అది మాత్రం చెబుతాను.

రిటైరైన మనిషి మన మెట్లెక్కేసరికి అప్పటికే రెండు మూడేళ్ళు ఆఫీసుల చుట్టూ కాళ్ళరిగేలా తిరిగి ఉంటాడు. చేతిలో ప్లాస్టిక్ సంచి ఉంటుంది. కిడ్నీ జబ్బులు ఎక్కువగా ఉన్న ఉద్దానం నుంచి వచ్చేవాళ్ళలో కొందరికి రెండు సంచులుండేవి. ఒకదాంట్లో సర్వీసు కాగితాలు, రెండోదాంట్లో కిడ్నీ పరీక్షల కాగితాలు. ఆ రెండో సంచి చూశాక వాయిదా అనే మాట వింటే నాకు ఒళ్ళు మండేది. ఇప్పటికీ మండుతుంది. మీకు మండకపోతే ఈ కేసులు పట్టకండి, వేరేవి చాలా ఉన్నాయి.

ఫైలు ఎక్కడుంది?

నేను చేసిన మొదటి తప్పుతోనే మొదలుపెడతాను. ప్రాక్టీసు పెట్టిన కొత్తలో రిటైరైన మాస్టారొకాయన వచ్చారు. రెండేళ్ళయినా గ్రాట్యుటీ రాలేదు. నాకు ఆవేశం పొంగుకొచ్చింది. మూడు పేజీల లాయరు నోటీసు రాసి రిజిస్టరు పోస్టులో పంపించాను. దాని కాపీ మా సీనియర్ గారికి గర్వంగా చూపించాను. ఆయన్ని టెక్కలిలో అందరూ పెద్దప్లీడరు గారు అనేవారు. ముక్కుపొడుం పీల్చుకుంటూ నిదానంగా మూడు పేజీలూ చదివారు.

"బాగా రాశావోయ్. చదువుతుంటే నాకే భయమేసింది" అన్నారు. నేను పొంగిపోయాను. "ఇంతకీ ఆ ఫైలు ఎవరి బల్ల మీద ఉంది?"

నాకు తెలియదు. కనుక్కోలేదు.

తరవాత తెలిసింది. ఫైలు ఒక్క సంతకం కోసం ఆగి ఉంది. ఇంకో వారమైతే కదిలేది. నా నోటీసు వెళ్ళడంతో అది కోర్టు వ్యవహారమైపోయింది. కోర్టు కేసులు చూసే సెక్షనుకి మార్చి, బీరువాలో పెట్టి తాళం వేశారు. ఏడాదిన్నర దాన్ని ఎవరూ ముట్టలేదు. మాస్టారు నన్ను తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది. ఎప్పుడు కనబడినా "మీరేం చేస్తారు బాబూ, మీ ప్రయత్నం మీరు చేశారు" అనేవారు. ఆ మాటకి నా చెవులు కాలిపోయేవి.

అప్పటినుంచి నేను నోటీసు రాసే ముందు మా గుమాస్తా సింహాచలాన్ని పంపేవాణ్ణి. ఆయన నాకంటే పదేళ్ళు పెద్ద. ఈ జిల్లాలో ఏ ఆఫీసులో ఏ బంట్రోతు ఎప్పుడు టీకి లేస్తాడో ఆయనకి తెలుసు. పొట్లం పకోడీలు పట్టుకెళ్ళి, వాళ్ళతో కూర్చుని తిని, ఫైలు ఏ బల్ల మీద ఉందో, ఎందుకు ఆగిందో తెలుసుకుని వచ్చేవాడు. లంచం కాదు, అందులో సగం పకోడీలు ఆయనే తినేవాడు. నా పేరు మీద గెలిచిన కేసుల్లో సగం ఆయనవే.

నెత్తళ్ళ బుట్ట

పోలమ్మ రెండువేల సంవత్సరం ఎండాకాలంలో కాశీబుగ్గలో మా ఆఫీసుకి వచ్చింది. ముందు వాసన వచ్చింది, తరవాత ఆవిడ వచ్చింది. ఎండు నెత్తళ్ళ చేపల బుట్ట గుమ్మం పక్కన దించి, తలమీద చుట్టకుదురు తీసి మొహం తుడుచుకుంది.

"ఏటి బాబూ, పింఛను కేసులు సేత్తారంట కదా. మా ఊరి మేస్టారు సెప్పినాడు."

"కూర్చో అమ్మా. మీ ఆయన ఏ శాఖలో చేసేవాడు?"

ఆవిడ నన్ను ఎగాదిగా చూసింది. "మా ఆయన ఏటకెళ్ళీవోడు. సముద్రానికి పింఛనుండదు. నౌకరీ సేసింది నాను."

సింహాచలం నవ్వాపుకోలేక బయటికి వెళ్ళిపోయాడు. నేను నాలుక కరుచుకున్నాను. మీరూ ఈ తప్పు చేస్తారు, జాగ్రత్త.

ఆవిడది వజ్రపుకొత్తూరు పక్కన సముద్రపు ఒడ్డు ఊరు, గవ్వలపేట. చిన్న వయసులోనే అక్కడి ప్రసూతి కేంద్రంలో ఆయాగా చేరింది. నర్సమ్మ వారానికి రెండు రోజులొచ్చేది. మిగతా రోజులన్నీ ఆ కేంద్రమంటే పోలమ్మే. నీళ్ళు కాచడం, పురుళ్ళు పోయడం, కష్టమైన కాన్పుల్ని బండి కట్టించి పెద్దాసుపత్రికి తోలడం, అన్నీ ఆవిడే. అరవయ్యో ఏట రిటైరైంది. మూడేళ్ళయినా పైసా పెన్షను లేదు.

కారణం చెబుతాను, ఇది ఒక్కటి అర్థమైతే మిగతా కథ అంతా అర్థమవుతుంది. పెన్షనుకి కనీసం పదేళ్ళ సర్వీసు ఉండాలి. పోలమ్మ ఉద్యోగం పర్మనెంటు అయ్యింది రిటైరవడానికి తొమ్మిదేళ్ళ ముందు. అంతకుముందు ఇరవై ఏళ్ళకి పైగా అదే కేంద్రంలో, అదే పని, తాత్కాలిక జీతం మీద చేసింది. ఆ కాలంలో సగాన్ని సర్వీసులో కలపొచ్చని రూలుంది. కాని పని చేసినట్టు కాగితం చూపించాలి. హాజరు పట్టీలున్న పెంకుటింటి కప్పు ఒక తుఫానులో లేచిపోయింది. బీరువా తలుపులు ఊడి, పట్టీలన్నీ సముద్రం పాలయ్యాయి. "రికార్డులు లభ్యం కానందున తమ కోరిక పరిశీలించబడలేదు" అని ఆమె శాఖవాళ్ళు ఒక్క ముక్క రాసి పడేశారు.

"అందుకే బాబూ, ఈ వయసులో బుట్ట నెత్తినెట్టుకుని కాశీబుగ్గ సంతకొత్తన్నాను. మెడ లాగేత్తంది. పింఛనొత్తే బుట్ట దించీసి కూకుంటాను" అంది. చుట్టకుదురు ఒళ్ళో పెట్టుకుని, "డబ్బు ఒక్కటే కాదు. ఇరవై ఏళ్ళు సేసినదాన్ని నువ్వు సేయనేదంటే ఎలగ? మా ఊళ్ళో సగం మంది నా సేతిలోకే వచ్చి పడినారు. ఆళ్ళందరూ ఆకాశంలోంచి ఊడిపడినారేటి?" అంది.

ఆ ప్రశ్నకి జవాబు వెతకడానికి నాకు నాలుగేళ్ళు పట్టింది.

వ్యానెడు సాక్షులు

హైదరాబాదులో ట్రిబ్యునల్‌లో కేసు వేయించాను. రెండేళ్ళకి ఆర్డరు వచ్చింది. ఆమెకి అవకాశమిచ్చి, విచారించి, మూడు నెలల్లో నిర్ణయం తీసుకోమని శాఖని ఆదేశించారు. నేను మిఠాయి తెప్పించాను. సింహాచలం ఒక లడ్డూ నోట్లో వేసుకుని, "గెలిచినాం గెలిచినాం అనకండి బాబూ. ఆలోచించమన్నారు, ఇమ్మన్నేదు" అన్నాడు. కుర్రవాళ్ళారా, ఆ తేడా గుర్తుపెట్టుకోండి. మన కేసుల్లో చాలా ఆర్డర్లు అలాగే ఉంటాయి.

విచారణ టెక్కలిలో పెట్టారు. విచారణాధికారి ఒక లేడీ డాక్టరు. వేరే జిల్లా ఆవిడ, మాట కరుకు, చేతి గడియారం ప్రకారం నడిచే మనిషి. నేను మాత్రం బ్రహ్మాండమైన ఏర్పాటు చేశాననుకున్నాను. పోలమ్మ చేతుల మీద పుట్టినవాళ్ళు ముప్ఫైమందికి పైగా గవ్వలపేట నుంచి వ్యాన్లో దిగారు. మగవాళ్ళు చలువ చొక్కాలు, ఆడవాళ్ళు పువ్వులు, పెళ్ళివారిలా ఉన్నారు. వేట మానుకుని వచ్చారు పాపం. వాళ్ళకి నాయకుడు అప్పన్న. బోటు మీద వెళ్ళే మనిషి, పెద్ద గొంతు, పోలమ్మని అత్తా అంటాడు.

"మేడమ్, వీళ్ళే సాక్ష్యం" అన్నాను, చెయ్యి అలా గాల్లో తిప్పి.

ఆవిడ కళ్ళజోడు సర్దుకుంది. "ఏమిటి వీళ్ళ సాక్ష్యం?"

"వీళ్ళంతా ఈమె చేతుల మీద పుట్టారు."

"ఆ సంగతి వీళ్ళకెలా తెలుసు?"

అప్పన్న ముందుకొచ్చి, "నాకు తెల్సు మేడమ్! నన్ను బైటికి లాగింది మా అత్తే" అన్నాడు.

"నువ్వు చూశావా?"

"నేదు మేడమ్. అప్పుడు కళ్ళు మూసుకుని ఉన్నాను."

గదంతా నవ్వు. ఆవిడ నవ్వలేదు. "ప్లీడరు గారూ, వీళ్ళు పుట్టారని నేను ఒప్పుకుంటున్నాను. ఎదురుగా కనబడుతున్నారు కదా. కాని పుట్టినవాడు తన పుట్టుకకి సాక్షి కాలేడు. వీళ్ళ తల్లుల్ని తెచ్చినా ఈమె పురుడు పోసిందని చెబుతారు. పురుళ్ళు ఊరి మంత్రసాని కూడా పోస్తుంది. ఈమె కేంద్రం ఆయాగా పోసిందని, ఫలానా ఏడు పోసిందని నాకు కాగితం కావాలి."

నాకు కోపమొచ్చింది. గొంతు పెంచి పావుగంట వాదించాను. ఆవిడ చివరిదాకా విని, నెల రోజులు గడువిచ్చి లేచి వెళ్ళిపోయింది. ఇప్పుడు చెబుతున్నాను, ఆవిడన్న ప్రతి మాటా సరైనదే. కరుకు మనిషికీ చెడ్డ మనిషికీ తేడా తెలుసుకోవడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది. మెత్తగా మాట్లాడి, టీ ఇచ్చి, ఫైలు తొక్కిపెట్టిన ఆఫీసర్లని ఎంతోమందిని చూశాను. ఈవిడ తనకేం కావాలో సూటిగా చెప్పింది. చెప్పేవాళ్ళతో పని తేలిక.

టీ కొట్టు దగ్గర

వాళ్ళని ఊళ్ళో దింపడానికి నేనూ, సింహాచలమూ అదే వ్యాన్లో వెళ్ళాం. పలాస దాటాక జీడితోటల మధ్య రోడ్డు. పోలమ్మ కిటికీ పక్కన కొంగు నోటికడ్డం పెట్టుకుని కూర్చుంది. అప్పన్న ఉండబట్టలేక అన్నాడు.

"కాగితం కావాలంతాది. కాగితమెందుకు నేదు? మా బాబు ఏనాడూ మునసబు గుమ్మం తొక్కనేదు. నా పుట్టుక రాయించింది మా అత్తే కదేటి. నానే కాదు, మా పేటోళ్ళందరి..."

పోలమ్మ వెనక్కి తిరిగి అతని నెత్తి మీద ఠపీమని ఒక్కటిచ్చింది. "నోర్ముయ్యిరా! ఊరుకోమని సెప్పినానా నేదా!"

ముప్ఫై ఏళ్ళ మనిషి, బోటు మీద అలలకి బెదరనివాడు, నెత్తి రుద్దుకుంటూ ఊరుకున్నాడు. వ్యాను మొత్తం నవ్వింది. నేను నవ్వలేదు. సింహాచలం నా మోచెయ్యి గోకాడు. ముందు కనిపించిన టీ కొట్టు దగ్గర వ్యాను ఆపించి, పోలమ్మని ఒక్కదాన్నీ జీడిచెట్టు కిందికి పిలిచాను.

"పోలమ్మా, ఏమిటది? ఏం రాయించావు?"

"ఏటీ నేదు బాబూ."

"నాకు చెప్పకపోతే ఇంకెవరికి చెబుతావు?"

ఆవిడ బావురుమంది. "జైల్లో ఎట్టీత్తారు బాబూ! పింఛను ఒద్దు, ఏటీ ఒద్దు. నన్నొగ్గీండి."

సింహాచలం టీ గ్లాసు తెచ్చి చేతిలో పెట్టాడు. "ముందు టీ తాగు పోలమ్మా. జైలుకెళ్ళాలంటే ఈ బాబే ముందెళ్తాడు, ఆయన రాసే ఇంగ్లీషు నోటీసులకి" అన్నాడు. కళ్ళు తుడుచుకుంటూనే ఆవిడ నవ్వింది. అప్పుడు చెప్పింది.

ఆ రోజుల్లో పుట్టుకలు, చావులు గ్రామ మునసబు పుస్తకంలో రాసేవారు. ఆ మునసబు ఉండేది కొబ్బరితోటలకి అవతల, రైతుల ఊళ్ళో. బిడ్డ పుడితే తండ్రి వెళ్ళి చెప్పి, పుస్తకంలో వేలిముద్ర వెయ్యాలని అందరూ అనుకునేవారు. గవ్వలపేటలో తండ్రులెవరు? తెల్లారకముందే తెప్ప మీద వెళ్ళి, మధ్యాహ్నానికి ఒడ్డెక్కి, వల బాగుచేసుకుని పడుకునేవాళ్ళు. వేట రోజు మానుకుని మునసబు ఇంటి దగ్గర పడిగాపులు పడేదెవరు? ఆ ఇంటి ఆడవాళ్ళు పురుడుతో ఉంటారు. అందుకని పోలమ్మే తోటల్లోంచి నడిచి వెళ్ళేది. మునసబు, "తండ్రి రాకపోతే నువ్వే వెయ్యి" అని ఆవిడ వేలిముద్ర తీసుకునేవాడు. మొదటిసారి వేసినప్పుడు ఆయన సరదాకి, "తండ్రి చోట నువ్వు వేశావని ఎవరికైనా తెలిస్తే నిన్నూ నన్నూ కలిపి జైల్లో వేస్తారు సుమా" అన్నాడట. ఆయన మర్చిపోయి ఉంటాడు. ఆయన పోయి కూడా చాలా ఏళ్ళయింది. ఆవిడ మాత్రం ముప్ఫై ఎనిమిదేళ్ళు ఆ మాట కడుపులో పెట్టుకుని బతికింది. ఊళ్ళో వాళ్ళందరి చేతా ఎవరికీ చెప్పబోమని ఒట్టు వేయించుకుంది. చివరికి నాకు కూడా చెప్పలేదు.

"ఎన్నిసార్లు వేశావు?" అన్నాను.

"ఎన్నంటే ఏటి సెప్తాను బాబూ. పేటలో బిడ్డ పుట్టినప్పుడల్లా ఏసినాను."

నేను గట్టిగా నవ్వేశాను. నాకు పిచ్చెక్కిందా అన్నట్టు ఆవిడ చూసింది. పురుడు పోసినవాళ్ళు పుట్టుక సంగతి రాయించాలని చట్టమే చెబుతోంది, అది నేరం కాదు, నీ డ్యూటీ అని ఎంత చెప్పినా నమ్మలేదు. "మీరు నా మనిషి, అలగే సెప్తారు" అంది. రెండేళ్ళ పాటు ఆవిడ చేత పన్నెండు అర్జీల మీద వేలిముద్ర వేయించాను. నీకేమైనా భయముందా అమ్మా అని ఒక్కసారి అడగలేదు. ఆ రోజు జీడిచెట్టు కింద నాకు నిజంగా సిగ్గేసింది. ఇప్పటికీ వేస్తుంది. మీరు మొదటి రోజే అడగండి.

రికార్డు గది

మునసబుల పదవులు పోయాక వాళ్ళ పుస్తకాలన్నీ పాత తాలూకా ఆఫీసుకి చేరాయి. దరఖాస్తు పెట్టి, రుసుము కట్టి, అనుమతి తీసుకుని సింహాచలమూ నేనూ లోపలికి వెళ్ళాం. అప్పన్న కూడా వస్తానని వెంటపడ్డాడు. గదినిండా గుడ్డ మూటలు. మూడు రోజులు దుమ్ములో తుమ్ముతూ వెతికాం. రికార్డు గది బంట్రోతుకి సింహాచలం పకోడీ మర్యాద మూడు రోజులూ జరిగింది.

మూడో రోజు మధ్యాహ్నం సింహాచలం కేక పెట్టాడు. "బాబూ! ఇలగ రండి!"

ఊదారంగు అట్ట ఉన్న పొడుగాటి పుస్తకం. పేజీకి పది పన్నెండు పుట్టుకలు. ప్రతి వరసలో తేదీ, బిడ్డ మగో ఆడో, తండ్రి పేరు, చివరి గడిలో సమాచారం ఇచ్చినవారు. రైతుల ఊళ్ళ పుట్టుకల దగ్గర రకరకాల సంతకాలున్నాయి. గవ్వలపేట అన్నచోటల్లా మునసబు గుండ్రటి చేతివ్రాతతో ఒకే మాట ఉంది: "పోలమ్మ, ప్రసూతి కేంద్రం ఆయా." పక్కన వేలిముద్ర. పేజీ తిప్పాను, మళ్ళీ ఉంది. ఇంకోటి తిప్పాను. తరవాత ఏడు, ఆ తరవాత ఏడు, ఒక్క ఏడాది కూడా తప్పలేదు. హాజరు పట్టీ తుఫానులో పోతేనేం, గవ్వలపేట పిల్లలే ఆవిడకి హాజరు పట్టీ అయ్యారు. నేను ఆ దుమ్ములోనే కూలబడిపోయాను. సంతోషానికి కళ్ళ నీళ్ళొచ్చాయి, దుమ్ము వల్ల అని సింహాచలానికి చెప్పాను.

అప్పన్న తన పుట్టుక వెతికించుకున్నాడు. తేదీ చదివి వినిపించాను. వేళ్ళు మడిచి లెక్కపెట్టుకున్నాడు. మొహం మాడిపోయింది.

"ఏటైంది?" అన్నాడు సింహాచలం.

"మా ఆడది నాకన్నా ఆర్నెల్లు పెద్దది మావా."

ఆ గదిలో అంత గట్టిగా ఎవరూ ఎప్పుడూ నవ్వి ఉండరు. ఆఫీసులోంచి గుమాస్తాలు పరిగెత్తుకొచ్చారు. ఈ సంగతి ఇంటి దగ్గర చెప్పొద్దని అప్పన్న మా ఇద్దరి చేతా ఒట్టు వేయించుకున్నాడు. మునసబు పుస్తకంలో రహస్యాలు దాచడం ఆ ఊరి అలవాటు కాబోలు.

ఇద్దరు పనివాళ్ళ మాటలు

రెండో విచారణకి వ్యాను లేదు. పోలమ్మ, నేను, సింహాచలం, రికార్డు ఆఫీసు నుంచి పుస్తకాలు పట్టుకొచ్చిన ఉద్యోగి, అంతే. డాక్టరు గారు పుస్తకాలు ఒక్కొక్కటే తీసి చూడడం మొదలుపెట్టారు. అరగంట పేజీలు తిప్పారు. తరవాత ఆవిడ ఇంకు ప్యాడు తెప్పించి, "ఇలా రా, ఎడం బొటనవేలు" అన్నారు.

ఆ వేలిముద్ర కాగితం మీద పడ్డాక మాకు కనిపించింది. ముద్ర మధ్యలోంచి అడ్డంగా తెల్లటి గీత. చిన్నప్పుడు కత్తిపీటకి తెగిన మచ్చ అని పోలమ్మ చెప్పింది. డాక్టరు గారు పుస్తకం పక్కన కాగితం పెట్టి చూశారు. అక్కడా అదే గీత. ఇంకో పుస్తకం తీశారు. అందులోనూ అదే.

"ఇవన్నీ నువ్వే వేశావా?"

పోలమ్మ రెండు చేతులూ జోడించింది. "తప్పైపోనాది మేడమ్. ఆళ్ళ బాబులు ఏటకెళ్ళిపోయీవోరు. మునసబుగోరు ఏయమంటే ఏసినాను."

"తప్పేమిటి? పురుడు పోసిన మనిషే కబురు చెప్పాలి. అది నీ పని. నువ్వు వెయ్యకపోతే తప్పయ్యేది."

పోలమ్మ నా వైపు చూసింది. నిజమేనా అని కళ్ళతోనే అడిగింది. నేను తలూపాను. ఆ మనిషి భుజాలు నా కళ్ళముందే తేలికపడ్డాయి. బుట్ట దించిన మనిషిలా నిలబడింది.

ఆ తరవాత జరిగింది ఏ చట్టం పుస్తకంలోనూ లేదు. డాక్టరు గారు కళ్ళజోడు తీసి బల్లమీద పెట్టి, "బిడ్డ అడ్డం తిరిగితే ఏం చేసేదానివి?" అని అడిగారు.

"నా సెయ్యి ఎట్టీదాన్ని కాదు మేడమ్. ఎడ్లబండి కట్టించి, నానూ కూకుని పెద్దాసుపత్రికి తోలించీదాన్ని."

"కాళ్ళు ముందొస్తే?"

"అదైతే సేసినాను. లాగకూడదు మేడమ్. లాగితే సెడిపోద్ది. దానంతటది రావాల. మనం ఊరికే పట్టుకోవాల."

"మా ప్రొఫెసరు మాకు సరిగ్గా ఇదే చెప్పారు" అన్నారు డాక్టరు గారు. మొదటిసారి ఆవిడ మొహంలో నవ్వు చూశాను. వాళ్ళిద్దరూ ఇరవై నిమిషాలు మాట్లాడుకున్నారు. ఏడవని బిడ్డని ఎలా ఏడిపించాలి, మాయ పడకపోతే ఏం చెయ్యాలి, ఇలాంటివి. నేనూ సింహాచలమూ పురిటిగది బయట మగవాళ్ళలా మూల కుర్చీల్లో బుద్ధిగా కూర్చున్నాం. గడియారం చూసుకునే ఆ మనిషి ఒక్కసారి కూడా చూసుకోలేదు.

లేస్తూ నాతో, "మొదటిసారే ఈ పుస్తకాలు తెచ్చి ఉంటే ఆ వ్యాను మనుషులకి ఒక రోజు వేట పోయేది కాదు" అన్నారు. నిజమేనని ఒప్పుకున్నాను.

ఆర్డరు మూడు వారాల్లో వచ్చింది. అక్కడితో అయిపోలేదు. పెన్షను కాగితాలు తయారై, హైదరాబాదు వెళ్ళి, తిరిగి ట్రెజరీకి చేరడానికి ఇంకో ఎనిమిది నెలలు పట్టింది. ఈసారి నేను నోటీసు ఇవ్వలేదు. కలం ముట్టలేదు. సింహాచలం పకోడీలు కట్టించుకుని ఫైలు వెనకే నడిచాడు.

పంచె

రెండువేల నాలుగులో ఒక ఉదయం మా ఆఫీసు ముందు ఆటో ఆగింది. పోలమ్మ దిగింది, వెనక నలుగురు ఆడవాళ్ళు, అప్పన్న, అప్పన్న కంటే ఆర్నెల్లు పెద్దదైన అప్పన్న భార్య. బుట్ట లేదు. చుట్టకుదురు లేదు. కొత్త చీర కట్టుకుని, తల నున్నగా దువ్వుకుని, మెడ నిటారుగా పెట్టుకుని వచ్చింది. ముందురోజే మొదటి పెన్షను చేతికొచ్చింది.

"బాబూ, ఆ కాగితం ఓపాలి సదవండి. ఈళ్ళందరూ ఇనాల" అంది.

ఆర్డరు ఇంగ్లీషులో ఉంది. తెలుగు చేసి చదివాను. ఈమె గవ్వలపేట ప్రసూతి కేంద్రంలో ఆయాగా ఫలానా ఏడాది నుంచి ఫలానా ఏడాది వరకు నిరంతరాయంగా సేవ చేసినట్టు రుజువైంది, అన్న దగ్గర ఆపించింది.

"ఆ ముక్క మళ్ళీ."

మళ్ళీ చదివాను. మూడోసారి కూడా చదివించుకుంది. "ఇన్నారా? సేసినాననే రాసినారు" అంది వెనక్కి తిరిగి. ఆడవాళ్ళు కొంగులతో కళ్ళొత్తుకున్నారు. అప్పన్న ఈలేశాడు.

అప్పుడు సంచిలోంచి ఒక పొట్లం తీసి, దాని మీద తమలపాకులు, చెక్క, అరటిపళ్ళు పెట్టి నా ముందుకు చాపింది. లోపల పంచె. ఎర్రటి పెద్ద అంచు.

"ఇదేమిటి పోలమ్మా? నా ఫీజు ఎప్పుడో ఇచ్చేశావు కదా."

"ఫీజు కాదు బాబూ. మా పేటలో పురుడు పోసినోళ్ళకి బిడ్డని తొట్లో ఏసిన్నాడు బట్టలెడతాం. నాకు ఎంతమందెట్టినారో. ఏడేళ్ళ నొప్పులు బాబూ ఇయ్యి! ఇంత కట్టపు పురుడు నా సేతుల మీద కూడా ఎప్పుడూ పడనేదు. మీరే పోసినారు. ఆడదైతే సీరెట్టీదాన్ని, మీరు మగోరు కదా, అందుకని పంచె తెచ్చినాను. కాదనకండి, కాదంటే బిడ్డకి మంచిది కాదు."

రెండు చేతులూ చాచి తీసుకున్నాను. సింహాచలానికి విడిగా తువ్వాలు తెచ్చింది. పకోడీల సంగతి ఆవిడకి ఎలా తెలిసిందో గాని, తువ్వాల్లో పొట్లం కట్టి అవి కూడా ఇచ్చింది.

మర్నాడు ఆ పంచె కట్టుకుని, మీద నల్లకోటు వేసుకుని కోర్టుకి వెళ్ళాను. ఎర్రంచు కనబడకుండా ఎంత సర్దినా కనబడుతూనే ఉంది. వరండాలో అందరూ వింతగా చూశారు. లోపలికి వెళ్ళి కూర్చున్నాక జడ్జి గారు కూడా చూసి, నవ్వుతూ, "ఏమిటి ప్లీడరు గారూ, ఇంట్లో ఏదైనా విశేషమా?" అని అడిగారు.

"పురుడండీ" అన్నాను.

"అలాగా! ఎవరు?"

"ఆడపిల్లండీ. అరవై ఏడేళ్ళు. తల్లీ బిడ్డా ఇద్దరూ ఒకరే, క్షేమంగా ఉన్నారు."